‘ఎట్లున్నది అట్లనే’ షరతు గారికి ఒక దండం

గౌరవనీయులైన షరతు గారికి,

బ్యాంకు వేలం ప్రకటన అడుగున చీమ తలకాయంత అక్షరాల్లో తమరు కొలువై ఉంటరు: ‘ఎక్కడున్నది అక్కడే, ఎట్లున్నది అట్లనే, ఏమున్నదో అదే.’ పైన మాత్రం ‘హనుమకొండలో ఇల్లు, రిజర్వు ధర 36 లక్షలు’ అని లావు అక్షరాలు. జనం లావు అక్షరాలు చదివి ధరావతు కడతరు. తమరిని చదివేది బ్యాంకు వకీలు, ఆ తర్వాత జడ్జి.

తమరి నిజాయితీని మెచ్చుకోవాలె. ఉన్నదే ఇస్తమంటరు, ఇంట్లో బాకీదారు ఉంటే బాకీదారుతో సహా. ‘సింబాలిక్ పొజెషన్’ అని రాసి ఉంటే గోడకు నోటీసు అంటించి, రెండు పేపర్లలో వేయించి బ్యాంకు వాళ్లు వెళ్లిపోయిన్రని అర్థం. లోపల అన్నం ఉడుకుతనే ఉంటది. తాళంచెవి కోసం సర్ఫేసీ చట్టం (అప్పు కట్టకుంటే తాకట్టు ఆస్తిని బ్యాంకే అమ్ముకునే చట్టం) 14వ సెక్షన్ కింద బ్యాంకు కలెక్టర్‌కు దరఖాస్తు పెట్టాలె. గడువు 30 రోజులు, కారణం రాస్తే మొత్తం 60. రాతలో అంతే, నడకలో ఎక్కువే. ఈలోపు మేడ మీద ఒక కిరాయిదారు మొలుస్తడు, పాత తేదీ అగ్రిమెంటుతో. (స్టాంపు కాగితం ఎప్పుడు అమ్మిన్రో వెనక్కి తిప్పి చూడున్రి.)

పైసల కాడ మాత్రం తమరి చుట్టాలు అంత నెమ్మదస్తులు కారు. 36 లక్షల రిజర్వుకు పది శాతం ధరావతు, 3.60 లక్షలు. 40 లక్షలకు పాడితే నాలుగో వంతు 10 లక్షలు, అంటే ధరావతు పోను ఇంకో 6.40 లక్షలు అదే రోజు, కాకుంటే మరుసటి పనిదినం. మిగతా 30 లక్షలు ఖరారైన 15 రోజుల్లో. హోమ్ లోన్ వస్తదన్న ధీమాతో పాడినోడి లోన్ ఫైలు లీగల్ ఒపీనియన్ దగ్గరే ఆగుతది. గడువు తప్పితే కట్టిన 10 లక్షలూ జప్తు. అట్ల మొత్తం 25 శాతం జప్తు చేసుడు చెల్లుతదని 2024లో సుప్రీంకోర్టు కూడా చెప్పింది.

ఇంకో గడి ఉంది: ‘బ్యాంకుకు తెలిసిన భారాలు’. అందులో సాధారణంగ ‘తెలియదు’ అని ఉంటది. తెలియకపోవుడు అంత లాభసాటి అయిన ఉద్యోగం ఇంకోటి లేదు. పాత కరెంటు బకాయి కొన్నోడి మీద పడొచ్చు, నిబంధనలు ఒప్పుకుంటే. 2023 తీర్పులో సుప్రీంకోర్టు ఆ మాట చెప్తూ తమరిని కూడా తలచుకుంది: తమరున్నరంటే కొనేవాడు ముందే తెలుసుకొని రావాల్సిందేనట. ఇంటి పన్ను, నల్లా బిల్లు, 30 ఏళ్ల ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల పత్రం) ఎవరు తీసుకోవాలె మరి? ఈసీ ఒక్కటే నమ్మినా కష్టమే. రిజిస్టర్ చేయించకుండా దస్తావేజులు బ్యాంకులో పెట్టి తెచ్చిన అప్పు అందులో కనిపించదు, సెర్సాయ్‌లో, అంటే తాకట్టులు నమోదుచేసే కేంద్ర రిజిస్ట్రీలో వెతకాలె.

కొన్నోడు అన్నీ కట్టినంక బాకీదారు 45 రోజుల్లోపు హైదరాబాద్‌లోని డీఆర్‌టీకి, అంటే బ్యాంకు బాకీల ట్రిబ్యునల్‌కు పోతడు. నోటీసుకు 30 రోజులు ఇయ్యలేదంటడు, విలువ తక్కువ కట్టిన్రంటడు. అప్పీలు ఎక్కడో తెలుసా? కోల్‌కతాలో. కాజీపేటలో రైలెక్కే ముందు సద్ది కట్టుకోవాలె.

సివిల్ కోర్టు వేలం ఇంకో తీరు. 60 రోజుల్లోపు బాకీదారు అప్పు కట్టి, కొన్నోడికి పాట సొమ్ము మీద 5 శాతం జమచేస్తే వేలం రద్దు. జప్తైన ఇల్లు బాకీదారు దగ్గర్నే చవకగ కొని చిక్కుకున్నోళ్ల సంగతి అదాలత్ చౌరస్తాలో అడగున్రి. జప్తు చాటింపు డప్పుతోనో, ఆనవాయితీగ ఉన్న ఇంకో తీరులోనో వేయాలని 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఇప్పటికీ ఉంది. డప్పు వినపడలేదంటే కోర్టు వినదు.

మా మనవి చిన్నది. ‘లోపల ఎవరున్నరు, డీఆర్‌టీ కేసు నంబరెంత’ అని రిజర్వు ధర సైజులోనే ఒక లైను వేయించున్రి.

ఇట్లు,
లింకు డాక్యుమెంట్లు చదివిపెట్టే కొందరం, హనుమకొండ

తా.క.: వ్యవసాయ భూమి సర్ఫేసీ చట్టం కిందికి రాదు. కాగితంలో చెలక (మెట్ట సాగు భూమి), నేల మీద ప్లాట్లు అయితే బాకీదారు మొదట పట్టుకునేది ఆ చెలకనే. పహాణీ (రెవెన్యూ వాళ్ల భూమి రికార్డు) చూసినంకనే ధరావతు కట్టున్రి.