పదకొండు సెకన్ల రాజహంసలు

టీవీ డాక్యుమెంటరీలకి కెమెరా పట్టడం ఎంత గొప్ప ఉద్యోగం అంటే, ఇన్నేళ్లు చేశాక కూడా మనమేం చేస్తామో మనింట్లోవాళ్లకే తెలీదు. మా అత్తగారు "అల్లుడుగారు పెళ్లి వీడియోలు తీస్తారు" అని చెప్తారు, నేనూ కాదనను, పెళ్లి వీడియోలు తీసేవాడికి అడ్వాన్సన్నా ఇస్తారు.

మద్రాసులో దూరదర్శన్ 1975లో వచ్చింది. తర్వాత తెలుగు సినిమావాళ్లు ఒక్కొక్కళ్లే సామాను సర్దుకుని హైదరాబాద్ వెళ్లిపోయాక, కోడంబాకం, సాలిగ్రామం గల్లీల్లో మిగిలిపోయిన మాలాంటివాళ్లకి 1990ల్లో శాటిలైట్ ఛానెళ్లొచ్చి అన్నం పెట్టాయి. అన్నం అంటే మరీ అన్నం కాదులెండి, బేటా, అదే రోజువారీ బత్తా.

నా కెరీర్‌లో పెద్ద పని పులికాట్, అదే మన ప్రళయకావేరి. దేశంలో ఒడిశా చిల్కా తర్వాత అంత పెద్ద ఉప్పునీటి సరస్సు అదే. బీటాక్యామ్ టేపు అరగంటే వస్తుంది, ఆలోపే పక్షి ఎగరాలి, ఆ సంగతి పక్షికి చెప్పేవాడు లేడు. ట్రైపాడ్ బురదలో దిగిపోతుంటే ఒక కాలు కింద కొబ్బరిచిప్ప పెట్టి మూడ్రోజులు కూర్చున్నా. నాలుగోరోజు తెల్లారగట్ల రాజహంసలు, అదే ఫ్లెమింగోలు, అన్నీ ఒక్కసారి లేచాయి. పదకొండు సెకన్లు, ఫోకస్ పోలేదు!

ప్రొడ్యూసర్‌గారు రషెస్, అంటే ఎడిటింగ్‌కి ముందు తీసింది తీసినట్టు, చూసి "బానే ఉంది గానీ బాబూ, ఇవి గులాబీరంగులో లేవేంటి" అన్నారు. ఆ రంగు అవి తినే నాచులోంచి, చిన్న రొయ్యల్లోంచి వస్తుందండీ అన్నాను. "అయితే ఎడిటింగ్‌లో తినిపిద్దాం" అన్నారు.

డాక్యుమెంటరీ ఆదివారం పొద్దున ఆరింటికి ఒక్కసారి వేశారు, నా పేరొచ్చే టైముకి యాడ్ పడింది. షాట్ మాత్రం చిరంజీవి. రాశిఫలాల్లో మీనరాశికి విదేశీయానం అంటే అవే హంసలు, 2006లో మహారాష్ట్ర కోళ్లకి బర్డ్ ఫ్లూ వస్తే వాటి చుట్టూ ఎర్రసున్నా చుట్టి మరీ చూపించారు. కాబట్టి తరమణి ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌వాళ్లకి నా మనవి ఏంటంటే, ట్యూబ్‌లైట్ కింద షట్టర్ 1/50 పెట్టడం లాంటివి తర్వాత నేర్పుకోవచ్చు, ముందు పిల్లలకి పన్నెండు రాశులూ కంఠతా పట్టించండి, ఏ షాట్ ఏ రాశికి పోతుందో తెలిసి తీస్తారు.

ఇప్పటి కుర్రాళ్లు "డ్రోన్ ఉందా అంకుల్" అంటున్నారు. ఒరే, డ్రోన్ లేపితే పక్షులు బెదిరి లేచిపోతాయిరా అన్నా. "లేవడమేగా అంకుల్ మీకు కావాల్సింది, దానికి మూడ్రోజులు దేనికి?" అన్నాడు. సమాధానం ఇంకా వెతుకుతున్నా.

మొన్న వడపళనిలో పంటి డాక్టర్ దగ్గర కూర్చుంటే టీవీలో మళ్లీ అవే. నాలుగు మూలలా నాలుగు లోగోలు, కింద స్క్రోలింగు, మధ్యలో పక్షులు ఎగరడానికి కాస్త చోటు వదిలారు పాపం. పక్కనున్న పెద్దావిడ మొహం వెలిగిపోయింది. "మాది మీనమే బాబూ" అంది. మా ఆవిడ నన్ను మోచేత్తో పొడిచి "అది మీరు తీసిందే కదూ, చెప్పండి ఆవిడకి" అంది.

ఊరుకో, మన టోకెన్ పిలుస్తున్నారు అన్నా.