వామ్‌ద్రుప్ స్టేషన్‌కి అంత హోదా ఎందుకొచ్చింది?

మీ వ్యాసం బాగుంది. కానీ అందులో డెన్మార్క్‌లోని వామ్‌ద్రుప్‌ని 'రైలు వచ్చాక పెరిగిన ఊరు' అని ఒక్క ముక్కలో తేల్చేశారు. అది సగం కథే.

1864 యుద్ధంలో ఓడి డెన్మార్క్ దక్షిణాన ఉన్న ష్లెస్విగ్ ప్రాంతాన్ని పోగొట్టుకుంది. సరిహద్దు ఉత్తరానికి జరిగి ఈ ఊరి అంచుకొచ్చింది. 1866లో రైలు రాగానే చిన్న పల్లె కాస్తా దేశపు చివరి స్టేషన్ అయిపోయింది. ఈ దారిన రైల్లో జర్మనీలోని హాంబర్గ్ వైపు వెళ్లే ప్రతి ప్రయాణికుడూ ఇక్కడ ఆగాల్సిందే. పెట్టెలు తెరిచి కస్టమ్స్ వాళ్లకి చూపించాలి, ఆ తర్వాతే ప్రయాణం. కస్టమ్స్ ఉద్యోగులు, రైల్వే వాళ్లు, వాళ్ల కుటుంబాలు, వాళ్లని నమ్ముకున్న దుకాణాలు... ఊరంతా అలా పెరిగిందే.

1920లో ప్రజాభిప్రాయ సేకరణ జరిగి ఉత్తర ష్లెస్విగ్ తిరిగొచ్చింది. దేశమంతా పండగ. వామ్‌ద్రుప్ నుంచి మాత్రం ఆ కస్టమ్స్ పని మొత్తం కొత్త సరిహద్దు దగ్గరున్న పాడ్‌బోర్గ్‌కి వెళ్లిపోయింది! దేశం గెలిచిన రోజే తన బతుకుతెరువు పోగొట్టుకున్న ఊరు ఇది. నాకు మనసులో గుచ్చుకునేది అదే.

దగ్గర్లోని కోల్డింగ్ పట్టణం నుంచి ఒకసారి అక్కడికి రైల్లో వెళ్లాను. మా బోగీ నుంచి దిగింది ముగ్గురం. దయచేసి ఈ సరిహద్దు కథని వ్యాసంలో చేర్చండి.