చదవకుండా మిగిలిపోయిన మూడు పేజీలు

ఈ సంక్రాంతికి మన ప్రవాస తెలుగు సంఘం కోనసీమలో జరిపిన సంబరాలకు వచ్చినవారికి భోగి నాటి సాయంత్రం పిల్లల వక్తృత్వ పోటీలో ఏం జరిగిందో గుర్తుండే ఉంటుంది. రాలేకపోయినవారికి ఈపాటికి ఎవరో ఒకరు వాట్సాప్‌లో ఆ వీడియో పంపే ఉంటారు. అందులో నవ్వులు వినిపిస్తున్నంతసేపూ కాగితాలు పట్టుకుని కదలకుండా నిలబడ్డ పన్నెండేళ్ళ కుర్రవాడు నా మనవడు. తాతగా నా మనసు నొచ్చుకున్న మాట నిజమే గాని, ఈ వ్యాసం రాయడానికి కారణం అదొక్కటే కాదని చివరిదాకా చదివినవారు ఒప్పుకుంటారనుకుంటాను.

పోటీ అంశం "నాకు నచ్చిన వీరుడు". గడువు ఐదు నిమిషాలు. ఆ వీరుడు పురాణాల్లోనివాడే కావాలని గాని, చరిత్రలోనివాడే కావాలని గాని నిబంధనల కాగితంలో ఎక్కడా లేదు. నేను రెండుసార్లు చదివి చూశాను. మావాడు ఎంచుకున్న వీరుడు సోనిక్, అంటే 1991లో సెగా సంస్థ విడుదల చేసిన వీడియో గేమ్‌లో నీలిరంగు ముళ్ళతో మెరుపులా పరుగెత్తే హెడ్జ్‌హాగ్ అనే చిన్న జంతువు. ఆటలోని సోనిక్‌కూ, ఆ తర్వాత టీవీ యానిమేషన్ ధారావాహికల్లో అదే పేరుతో అదే రంగుతో వచ్చిన సోనిక్‌కూ తేడా ఏమిటి, ఇద్దరిలో అసలైన వీరుడెవరు అన్నది వాడి ప్రసంగ విషయం. నాలుగు పేజీలు, మొత్తం తెలుగు అక్షరాల్లో, వత్తులు అటూ ఇటూ అయినా సొంత దస్తూరీతో రాసుకున్నాడు.

హెడ్జ్‌హాగ్‌ను తెలుగులో ఏమంటారని వాడు అడిగినప్పుడు "ముళ్ళపంది" అని చెప్పినవాడిని నేనే. నిజానికి ముళ్ళపంది అంటే ఏదుపంది. హెడ్జ్‌హాగ్ దానికీ చుట్టం కాదు, పందికి అసలే కాదు. దక్షిణ భారతంలో మాత్రమే దొరికే హెడ్జ్‌హాగ్ జాతి ఒకటి ఉందని ఆ తర్వాత తెలుసుకున్నాను గాని, కాలవ గట్ల మీదా కొబ్బరితోటల్లోనూ పెరిగిన నాకు అది ఎన్నడూ కంటబడలేదు, దాని పేరూ చెవిన పడలేదు. అందువల్ల మావాడు మైకు ముందుకు వచ్చి, "నాకు నచ్చిన వీరుడు ఒక నీలిరంగు ముళ్ళపంది" అనగానే వెనక వరుసలోంచి ఒకాయన, "పంది కాదు బాబూ, పందెంకోడి గురించి చెప్పు, వింటాం!" అని కేకేశారు. పందిరంతా ఘొల్లుమంది. దాచుకోవడమెందుకు, అక్కడ ఉన్నది వేరే వాళ్ళ మనవడైతే నేనూ నవ్వేవాడినే. భోగి పూట కోనసీమలో ఆ మాట అంత చక్కగా అతికింది.

నవ్వు ఆగేదాకా ఆగి వాడు మళ్ళీ మొదలుపెట్టాడు. మొదటి పేజీ పూర్తయ్యేసరికి వ్యాఖ్యాతగారు వచ్చి మైకు అందుకుని, "ఆయ్, మనకి రాముడున్నాడు, అభిమన్యుడున్నాడు, మన్యంలో అల్లూరి ఉన్నాడు, ఈ పందుల గొడవ మనకెందుకండీ" అని, వాడి చేతిలో ఒక చాక్లెట్ పెట్టి దింపేశారు. రెండు నిమిషాలైనా కాలేదు. అంతకుముందు అదే వేదిక మీద శాలువాలకు, జ్ఞాపికలకు, ఫొటోలో పక్కకు జరగండి, ముందుకు రండి అనే ఆజ్ఞలకు పట్టిన సమయం నలభై నిమిషాలు.

ఆ చదవని మూడు పేజీల్లో ఏముందో ఇక్కడైనా చెప్పనివ్వండి.

1991 నాటి ఆటలో సోనిక్ నోరు విప్పడు. పరుగెత్తుతాడు, ఎగురుతాడు, బంతిలా చుట్టుకుని దొర్లుతాడు, అంతే. మనం ఏ మీటా నొక్కకుండా కాసేపు ఊరుకుంటే మాత్రం మన వైపు చూస్తూ కాలితో నేలను తడతాడు. మావాడు రాసిన వాక్యం యథాతథంగా ఇది: "అతను మాట్లాడడు, కాని నేను లేటు చేస్తే విసుక్కుంటాడు, కాబట్టి అతనిలో సగం నేనే." ఆటలో బంగారు ఉంగరం ఒక్కటైనా చేతిలో ఉంటే దెబ్బ తగిలినా ప్రాణం పోదు, ఉన్నవన్నీ చెల్లాచెదరవుతాయి, మాయమైపోయేలోపు ఏరుకున్నవాడికి ఏరుకున్నన్ని. ఒక్కటీ లేనివాడికి ఆ దెబ్బే ఆఖరు. తుపాను వెలిసిన తెల్లారి తోటలోకి పరుగెత్తి రాలిన కాయలు ఏరుకున్న కోనసీమవాళ్ళకు ఈ సూత్రం విడమరచి చెప్పనక్కరలేదు. ప్రతినాయకుడైన డాక్టర్ రోబాట్నిక్ చిన్న చిన్న జంతువులను పట్టి యంత్రాల్లో బంధిస్తాడు. సోనిక్ యంత్రాన్ని బద్దలు కొడితే లోపలి కుందేలో పక్షో చెక్కుచెదరకుండా బయటపడి తన దారిన పోతుంది.

1993 సెప్టెంబరులో ఈ మూగవీరుడికి ఒకేసారి రెండు జన్మలు వచ్చాయి. 6వ తేదీన ఒక ధారావాహిక, 18వ తేదీన మరొకటి అమెరికా టీవీలో మొదలయ్యాయి. రెండింటిలోనూ సోనిక్‌కు గొంతు ఇచ్చినవాడు జలీల్ వైట్ ఒక్కడే. మొదటిది 65 భాగాల హాస్యం. అందులో సోనిక్ క్షణం ఊరుకోడు, వేషాలు మారుస్తాడు, వెంటపడ్డ రెండు తెలివితక్కువ రోబోలను ఏడిపిస్తాడు, చివరలో పిల్లలకు బుద్ధులు కూడా చెబుతాడు. ఏబీసీలో శనివారం ఉదయం వచ్చిన రెండోది 26 భాగాలతో ముగిసినా, దాని బరువు వేరు. అక్కడ సోనిక్ పొగలు కక్కే యంత్రనగరానికి ఎదురుతిరిగి, అడవిలో దాక్కున్న ఒక చిన్న దండులో సభ్యుడు. ఆ దండుకు పథకం వేసేది సాలీ అనే రాకుమారి; సోనిక్ తొందరపడి చెడగొట్టిన పనులను సరిదిద్దేదీ చాలాసార్లు ఆమే. అన్నిటికన్నా పెద్ద తేడా యంత్రాల సంగతిలో ఉంది. ఆటలో జంతువు యంత్రం లోపల ఉంటుంది. ఈ ధారావాహికలో జంతువే యంత్రమైపోతుంది. సోనిక్‌ను పెంచిన చక్ మామయ్య, తాను మంచికని కనిపెట్టిన పరికరాన్ని రోబాట్నిక్ కాజేయగా, దానికి తానే బలై లోహపు యంత్రమవుతాడు. కొంతకాలానికి మనసు తిరిగి వస్తుంది, శరీరం మాత్రం ఇనుముగానే ఉండిపోతుంది. ఆ ఇనుప శరీరంతోనే శత్రునగరంలో గూఢచారిగా మసలుతాడు.

దీని మీద మావాడి తీర్పు ఒకటి, నాది ఒకటి. వాడు ఆట పక్షం. మాట్లాడే సోనిక్ ఎప్పుడూ భయపడడు కాబట్టి అతను వీరుడెలా అవుతాడని వాడి ప్రశ్న. ఆటలోనైతే ఆ భయం వాడి బొటనవేలిలో ఉంటుందట. హాస్యపు ధారావాహిక విషయంలో నేను వాడితో ఏకీభవిస్తాను. భయం లేనిచోట వేగం ఉంటుంది గాని వీరత్వం ఉండదు. రెండో ధారావాహిక రచయితలకు ఈ చిక్కు తెలుసుననిపిస్తుంది. ఆట ఆడేవాడు మోసే భయాన్ని, చూసి ఊరుకునేవాడి కోసం ఎవరో ఒకరి భుజాన పెట్టాలి గనుక, వాళ్ళు దాన్ని సాలీ మీదా చక్ మామయ్య మీదా పెట్టారు. మామయ్య లోహపు ముఖం చూసినప్పుడు మాత్రమే ఈ నీలిరంగు వాగుడుకాయ గొంతు తగ్గుతుంది. ఆ ఒక్క కారణానికి నా ఓటు శనివారపు సోనిక్‌కే.

పక్షపాతం ఎక్కడినుంచి వచ్చిందో కూడా చెప్పాలి. 1993లో మేము అమెరికాకు కొత్త. రెండు గదుల అపార్ట్‌మెంట్, ఆరేళ్ళ కూతురు, శనివారం ఉదయం నాకు సెలవు. పెసరట్టు వేసి ఇచ్చి అమ్మాయి పక్కన కూర్చుని ఆ ధారావాహిక చూసేవాడిని. సగం మాటలు నాకు అర్థమయ్యేవి కావు. అమ్మాయి ఇంగ్లీషులో చెప్పేది, నేను తెలుగులో మళ్ళీ అడిగేవాడిని. 1994 డిసెంబరులో కథ చీకట్లో మెరిసే రెండు ఎర్రని కళ్ళ దగ్గర ఆగిపోయింది. ఆ కళ్ళు ఎవరివో చెప్పే భాగం ఇక రానే లేదు. "నాన్నా, ఆ కళ్ళు ఎవరివి?" అని అమ్మాయి రాత్రుళ్ళు నిద్రపోకుండా అడుగుతుంటే, చేసేది లేక మిగతా కథ నేనే అల్లాను. నా కథలో యంత్రనగరం గోదావరి అవతలి ఒడ్డున ఉండేది. సోనిక్ లాకుల మీదుగా పరుగెత్తుకొచ్చి కొబ్బరితోటలో దాక్కునేవాడు, చక్ మామయ్య ఏరు దాటించే పంటు మీద ఏమీ ఎరగనట్టు కూర్చుని కబుర్లు మోసుకొచ్చేవాడు. రెండేళ్ళు నడిచింది ఆ కథ. లాకు, గట్టు, చేను, ఒరవడి, పంటు, లంక అన్న మాటలు మా అమ్మాయికి పాఠ్యపుస్తకంలోంచి కాదు, సోనిక్ కాళ్ళ కిందినుంచి వచ్చాయి. ఈ రోజు ఆమె కొడుకు నాలుగు పేజీల తెలుగు రాశాడంటే దాని మొదలు అక్కడుంది. వేదిక మీద అందరం వల్లించే మాతృభాషా సంరక్షణ నా ఇంట్లో జరిగిన తీరు ఇదే, గొప్పగా చెప్పుకోదగ్గ తీరు కాకపోయినా.

ఇలా పోల్చడమేదో పరాయి అలవాటైనట్టు మనవాళ్ళు ఎందుకు నవ్వారో నాకు ఇప్పటికీ అంతుబట్టడం లేదు. మా తాతగారి అరుగు మీద రాత్రి పొద్దుపోయేదాకా నడిచిన వాదనలన్నీ ఇవే. రాయబారం ఘట్టంలో నాటకాల కృష్ణుడు ఎక్కువా, తోలుబొమ్మలాటలో దీపం ముందు కదిలే కృష్ణుడు ఎక్కువా అని ఇద్దరు ముసలివాళ్ళు ఒక సంక్రాంతికి మొదలుపెట్టిన తగువు ఉగాదికి కూడా తెగలేదు. తాతగారు బొమ్మ పక్షం. "నాటకాలోడు రాగం తీసి వన్స్‌మోర్ కోసం చూస్తాడ్రా, మనం ఊహించుకోడానికి ఏం మిగల్చడు" అనేవారు. మనవడు "సగం నేనే" అని రాసింది చదివినప్పుడు నాకు ఆ అరుగే కళ్ళముందు కదిలింది. అంతెందుకు, ఆ సాయంత్రం పందెంకోడి మాట విసిరిన పెద్దమనిషే అంతకు గంట ముందు పందెంకోళ్ళలో డేగకూ కాకికీ నెమలికీ ఉన్న తేడాలు భోజనాల బల్ల దగ్గర అరగంటసేపు వివరించారు. ఆ వివరణ నేనూ ఆసక్తిగానే విన్నాను. ఆయన చేతిలోంచి ఎవరూ మైకు లాక్కోలేదు.

అవతలి పక్షానికీ న్యాయం ఉందని ఒప్పుకుంటాను. అభిమన్యుడెవరో తెలియకుండా మన పిల్లలు పెరుగుతున్నారన్న బెంగ నాకూ ఉంది. ఇరవై మంది పిల్లలు, ఒక్క మైకు, అవతల పొయ్యి మీద పనసపొట్టు కూర. వ్యాఖ్యాతగారి తొందరకు కారణాలున్నాయి. ఆయన చెడ్డవారు కాదు, మర్నాడు ఎదురుపడి "ఏమనుకోకండి బాబాయిగారూ" అన్నారు కూడా. అయితే ఆ పోటీలో రాముడి గురించి మాట్లాడిన పిల్లలు చాలామంది ఇంగ్లీషు అక్షరాల్లో పెద్దలు రాసిచ్చినది చూసి చదివారు. తెలుగులో సొంతంగా ఆలోచించి తెచ్చినవాడిని దింపేశాం. వీరుడు మనవాడా కాదా అని చూసుకున్నాం గాని, వాక్యం ఎవరిదో చూసుకోలేదు.

కనుమ నాడు వాణ్ణి ప్రభల తీర్థం జరిగే జగ్గన్నతోటకు తీసుకెళ్ళాను. వెదురుతో ఎత్తుగా కట్టి అలంకరించిన గంగలకుర్రు ఊరి ప్రభ భుజాల మీద ఊగుతూ కౌశిక ఏటిలోకి దిగుతుంటే వాడు నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. 2023 గణతంత్ర దినోత్సవాన ఢిల్లీలో మన రాష్ట్ర శకటంగా వెళ్ళిన ప్రభల తీర్థాన్ని వాడు అంతకుముందు వీడియోలో చూశాడు. ప్రభ గట్టెక్కాక ఊపిరి వదిలి, "తాతయ్యా, ఢిల్లీలో ప్రభ బండి మీద ఉంది, ఒరగనే లేదు. అది కార్టూన్. ఇది గేమ్" అన్నాడు.

అందుచేత నా విన్నపం ఒక్కటే. వచ్చే ఉగాదికి మళ్ళీ ఇదే అంశం పెట్టండి. వీరుడిని ఎంచుకునే పని పిల్లలకు వదిలి, మార్కులు తెలుగుకూ తర్కానికీ వేయండి, ఐదు నిమిషాలంటే ఐదు నిమిషాలూ మైకు వాళ్ళ చేతిలోనే ఉంచండి. శాలువాల్లో ఒక్కటి తగ్గిస్తే ఇద్దరు పిల్లల సమయం దొరుకుతుంది. సంపాదకులు అంగీకరిస్తే మావాడి మూడు పేజీలను వచ్చే సంచికలో వాడి దస్తూరీతోనే అచ్చు వేయమని కూడా కోరుతున్నాను. పంపుదామని కాగితాలు అడిగితే, ముళ్ళపంది అన్న మాట వచ్చిన ప్రతిచోటా వాడు నల్ల సిరాతో కొట్టేసి ఉంచాడు. పదకొండు చోట్ల. దాని పక్కన ఏ మాట రాయాలో వాడికీ తెలియలేదు, నాకూ తెలియలేదు; ప్రస్తుతానికి ఆ పదకొండూ ఖాళీగానే ఉన్నాయి.