కాల్షీట్లు లేని సినిమా: రీమా దాస్ సంపాదించుకున్న సమయం

అస్సాంలోని ఛాయ్‌గావ్‌కు చెందిన రీమా దాస్ 2017లో తీసిన ‘విలేజ్ రాక్‌స్టార్స్’కు రచన, దర్శకత్వం, నిర్మాణం, ఛాయాగ్రహణం, కూర్పు అన్నీ ఆమెవే. 2018లో ప్రకటించిన 65వ జాతీయ పురస్కారాల్లో అది ఉత్తమ చిత్రంగా నిలవగా, ఉత్తమ ఎడిటర్ పురస్కారం కూడా ఆమెకే దక్కింది. అదే ఏడాది భారతదేశం తరఫున ఆస్కార్ పోటీకి ఎంపికైన చిత్రమూ అదే. ‘ఒంటిచేత్తో సినిమా తీసింది’ అన్న ప్రశంస ఆమెకు అప్పుడే స్థిరపడిపోయింది. అందులో అబద్ధం పెద్దగా లేదు గానీ, దానివల్ల అసలు విషయం మరుగున పడుతోందని నా అభిప్రాయం. ఇన్ని శాఖలు తానే చూసుకోవడం వల్ల ఆమెకు డబ్బు కంటే ఎక్కువగా కలిసివచ్చింది సమయం.

మామూలు నిర్మాణంలో యూనిట్ బత్తాలు, కెమెరా అద్దె, నటుల కాల్షీట్లు దర్శకుడిని వెంటాడుతూనే ఉంటాయి. వాన పడి ఒక పూట షూటింగ్ ఆగినా నిర్మాతకు నష్టమే. సొంత ఊళ్లో, అక్కడి పిల్లలతో, సహజమైన వెలుతురులో ఏళ్ల తరబడి చిత్రీకరించిన రీమాకు ఆ తొందర లేదు. గిటార్ కావాలని కలలు కనే ధును అనే పాపకు తల్లి ఈత నేర్పే ఘట్టం చూడండి. ఆ నీళ్లూ, ఆ పొలాలూ, ఆ పిల్ల ఒంట్లోని చనువూ సెట్ వేసి రప్పించగలిగేవి కావు. ఋతువు మారేదాకా ఆగగలిగిన వాళ్లకే అవి దొరుకుతాయి.

బాధ్యతలన్నీ ఒకరి చేతిలోనే ఉంటే పనితీరు ఎలా మారుతుందో 1992 నాటి ‘ఎల్ మరియాచీ’ అనే స్పానిష్ భాషా చిత్రం మరోలా చూపింది. సుమారు 7,000 డాలర్లతో దాన్ని చిత్రీకరించిన రాబర్ట్ రోడ్రిగ్స్, దృశ్యాన్నీ ధ్వనినీ కలిపి రికార్డు చేసే వీలు లేక, ముందు షాట్ తీసి వెంటనే సంభాషణలను విడిగా రికార్డు చేసేవారు. పెదవుల కదలికకూ మాటకూ పొంతన తప్పిన చోటల్లా మరో షాట్‌కు కట్ చేశారు. ఆ వేగమే సినిమా శైలి అయింది. రోడ్రిగ్స్‌కు వేగాన్నిచ్చిన పద్ధతే రీమాకు నిదానాన్నిచ్చింది.

దీనికి మూల్యమూ ఉంది. తాను తీసిన షాట్‌ను తానే కత్తిరించాల్సి వచ్చినప్పుడు, దాని వెనుక పడిన శ్రమ గుర్తుకొచ్చి చెయ్యి ఆడదు. ఆ శ్రమతో సంబంధం లేని ఎడిటర్ దాన్ని నిర్దాక్షిణ్యంగా తీసేయగలడు. పైగా ఫ్రేమ్ చూస్తున్న మనిషి అదే క్షణంలో మైకు మీద మనసు పెట్టడం కుదరదు. ‘విలేజ్ రాక్‌స్టార్స్’కు లొకేషన్ సౌండ్ రికార్డు చేసినది రీమా బంధువు మల్లికా దాస్, ఆమెకూ జాతీయ పురస్కారం వచ్చింది. అందుకే ‘ఒంటరి పోరాటం’ అని రాసే ముందు ఆ పేరు కూడా చెప్పాలి. ఏ పనులు తన దగ్గర ఉంచుకున్నారు, ఏది ఎవరికి అప్పగించారు అన్నదే ఈ తరహా దర్శకులను అంచనా వేయడానికి సరైన కొలమానం.

2018లో ‘బుల్‌బుల్ కెన్ సింగ్’, 2022లో ‘తోరాస్ హస్బెండ్’ తీశాక, 2024లో ఆమె ‘విలేజ్ రాక్‌స్టార్స్ 2’తో ఎదిగిన ధును దగ్గరికే తిరిగి వెళ్లారు. ఇలాంటి సినిమాకు పెట్టుబడి పెట్టదలచిన నిర్మాతలు ముందుగా పెద్ద యూనిట్‌నూ, బిగించిన షెడ్యూల్‌నూ షరతుగా పెడితే, తమను ఆకట్టుకున్న గుణాన్నే చేజార్చుకుంటారు. ఆ డబ్బును మరికొన్ని నెలల చిత్రీకరణకూ, కూర్పు దశలో నిర్మొహమాటంగా మాట్లాడే ఒక ఎడిటర్‌కూ ఖర్చు చేయడం మేలు.