తలకోన 'పుట్టగొడుగు భూతం' ఫోటోలో రెండు చందమామలున్నాయి, చూశారా?

భాకరాపేట నుంచి పెద్దమ్మ ఫోన్ చేసింది. "ఏం నాయనా, తలకోన అడివిలో పుట్టగొడుగు భూతం వెలుగుతా నడస్తా ఉండాదంట. చిన్నోడు సెల్లులో చూపించినాడు. నిజమేనా?" ఆ ఫార్వర్డు అప్పటికే నాకు మూడు గ్రూపుల్లో వచ్చింది. మా అపార్ట్‌మెంట్ గ్రూపులో అయితే నీళ్ల ట్యాంకర్ గొడవ పక్కన పెట్టి మరీ దీని మీద పడ్డారు.

అందులో ఉన్నది ఇంతే: "చిత్తూరు జిల్లా తలకోన అడవిలో వర్షాలకు 30 అడుగుల పుట్టగొడుగు జీవి బయటపడింది. రాత్రిళ్లు నడుస్తుంది. దాని వెలుగు తిరుపతి దాకా కనిపిస్తోంది. దాని పొడి తింటే షుగరు మాయం." కింద ఒక ఫోటో, పొడి కావాల్సిన వాళ్లకు ఒక ఫోన్ నంబరు.

తలకోన ఉన్న ఎర్రావారిపాళెం మండలం 2022 ఏప్రిల్ నుంచి తిరుపతి జిల్లాలో ఉంది. పాత అలవాటు కొద్దీ చిత్తూరు అన్నారేమో, దాన్ని వదిలేద్దాం.

ముందు ఫోటో సంగతి. వేళ్లతో లాగి పెద్దది చేసి చూడండి. ఆ జీవి వెనకున్నవి సూదుల్లాంటి ఆకుల చెట్లు, వాటి మీద మంచు. తలకోన ఉన్న శేషాచలం అడవుల్లో ఉండేది ఎర్రచందనం, జాలారి, మద్ది. ఎడమ మూలన కత్తి పట్టుకున్న బుడ్డ మనిషి ఒకడున్నాడు. జీవి నెత్తి మీద సగం తెగిపోయిన ఆకుపచ్చ గీత ఉంది. గేములాడే పిల్లల్ని అడగండి, అది దాని ప్రాణం ఎంత మిగిలిందో చూపించే గీత అని టక్కున చెబుతారు. ఇక ఆకాశంలో రెండు చందమామలు! ఏదో ఫాంటసీ లోకం కోసం గీసిన బొమ్మ అది. గీసినవాళ్ల చేయి గొప్పది, ఒప్పుకోవాలి. ఆ లోకంలో అది నడవనీ, పరిగెత్తనీ, కత్తివాడిని మింగనీ, మనకేం? ఎర్రావారిపాళెం మండలంలో మాత్రం ఒకటే చందమామ.

"30 అడుగుల" మాట. చెట్టుకు కలప ఉంది కాబట్టి నిలబడుతుంది. పుట్టగొడుగులో నూటికి తొంభై పాళ్లు నీళ్లే. పొద్దున లేచింది సాయంత్రానికి వాలిపోవడం మనకు తెలియంది కాదు. చెదపురుగులు పుట్టలో పెంచుకునే ఫంగస్ నుంచి వచ్చేవే మనం కూర వండుకునే పుట్టగొడుగులు, ఆ పేరు పెట్టినవాడు ఎవరో గాని చూసి పెట్టాడు. ఆ కుటుంబంలోనే ఆఫ్రికాలో ఒక జాతికి గొడుగు మీటరు వెడల్పు దాకా విచ్చుకుంటుంది. మనకు తెలిసిన భారీ పుట్టగొడుగుల్లో అదొకటి. నలభై కోట్ల ఏళ్ల కిందట ఎనిమిది మీటర్ల స్తంభాల్లాంటి జీవులు నేల మీద ఉండేవి, వాటి శిలాజాలు దొరికాయి. అవి ఫంగస్సేనని చాలామంది అన్నారు, కాదు వేరే కోవ అన్న వాదనా ఉంది. ఏదైనా, అవి రాయైపోయి చాలా కాలమైంది.

"నడుస్తుంది" దగ్గర నాకు నిజంగా బాధేసింది, ఎందుకంటే అసలు కథ దీనికన్నా బాగుంటుంది. అమెరికాలో ఒరెగాన్ రాష్ట్రపు అడవిలో ఒక ఫంగస్ ఉంది. మొత్తం ఒకే జీవి. సుమారు 2,400 ఎకరాలు. మన రైతు భాషలో చెప్పాలంటే ఊళ్లకు ఊళ్లే. వయసు వేల ఏళ్లు. దాని పోగులు నేల కింద, చెట్ల వేళ్లలో అల్లుకుని చెట్లనే చంపుతాయి. పైకి కనిపించేవి వానల తర్వాత లేచే చిన్న గొడుగులే. ఆ జాతి పోగులు పట్టిన పుచ్చు కట్టె చీకట్లో సన్నగా వెలుగుతుంది కూడా. అంటే రాకాసి ఫంగస్ ఉంది, వెలుగుతుంది. నడవదు. కండ లేదు, నరం లేదు, పోగు కొస పెరగడమే దాని కదలిక.

"వెలుగు తిరుపతి దాకా." వెలిగే ఫంగస్ జాతులు ప్రపంచంలో వందకు పైనే ఉన్నాయి. పడమటి కనుమల్లో ఉన్నాయి, మేఘాలయలో వెదురు మీద పెరిగేది 2020లో బయటపడింది. మిణుగురులో లాగే ఒక పదార్థం ఆక్సిజన్‌తో కలిసి వెలుగిస్తుంది, వేడి ఉండదు. ఆ వెలుగు చూడాలంటే టార్చి ఆర్పి, ఫోన్ జేబులో పెట్టి, కళ్లు చీకటికి అలవాటు పడేదాకా కూర్చోవాలి. ఫోటోల్లో ధగధగలాడేది కెమెరా షట్టరు చాలాసేపు తెరిచి తీయడం వల్ల. యాభై కిలోమీటర్ల అవతల తిరుపతికి కనిపించే మాటే లేదు. పూర్వం చీకట్లో ఏది మినుక్కుమన్నా కొరివి దెయ్యం అనేవాళ్లు. అదే నయం, పొడి చేసి అమ్మలేదు.

ఆ పొడి గురించే నాకు భయం. భూతాన్ని నమ్మితే నష్టం లేదు, రాత్రి నిద్ర పట్టదు అంతే. వెలిగే పుట్టగొడుగు మందు అని నమ్మితే ప్రమాదం. జపాన్‌లో పుట్టగొడుగు తిని ఆసుపత్రి పాలైనవాళ్లలో చాలామంది తిన్నది చీకట్లో వెలిగే జాతినే. ఇంకొన్ని జాతుల విషం ఉడకబెట్టినా పోదు, వాంతులు తగ్గాయని ఊపిరి పీల్చుకునేలోపు కాలేయాన్ని తినేస్తుంది. ఆ ఫోన్ నంబరు వాడు పంపేది ఏ పొడో ఎవరికి తెలుసు? షుగరు మాత్రలు ఆపి దాన్ని మింగితే సంగతేంటి? 'వెతికి తెచ్చుకుందాం' అని రాత్రిపూట శేషాచలంలో దూరేవాళ్లకు ఇంకో మాట. అది నేషనల్ పార్కు, ఏది కోసినా కేసే. అక్కడ నిజంగా నడిచేవి చిరుతలు, ఏనుగులు.

ఇదంతా పెద్దమ్మకు అరగంట చెప్పాను. ఓపిగ్గా వినింది. "సరే నాయనా, పొడి వద్దులే. ఆ రెండు చందమామలు యాడుండాయో మాత్రం మళ్లీ చూపీ, చిన్నోడికి చెప్పాల" అనింది.