సొంత విలువలు లేని దేశం కాదు ఫిలిప్పీన్స్

ఫిలిప్పీన్స్‌లో మెడిసిన్ చదివించాలనుకునే తల్లిదండ్రుల వాట్సాప్ గ్రూపుల్లో ఒక పేరా చేతులు మారుతూ ఉంటుంది. మాటలు అటూ ఇటూ అయినా సారాంశం ఇదే: "అక్కడివాళ్లకు సొంత సంస్కృతి లేదు. పేర్లూ మతమూ స్పెయిన్ ఇచ్చింది, ఇంగ్లీషు అమెరికా ఇచ్చింది. విలువలని చెప్పుకునేవన్నీ బానిసత్వం నేర్పిన అలవాట్లు. మేలు చేసినవాడికి జీవితాంతం ఊడిగం, నలుగురిలో సిగ్గు, అన్నిటికీ దేవుడే చూసుకుంటాడనడం. మొహం మీద నవ్వుతారు, లోపల ఏముందో చెప్పరు. అందుకే ఆ దేశం బాగుపడలేదు." పిల్లలు అయిదారేళ్లు బతకబోయే చోటి మనుషుల గురించి ఇంత తప్పు బొమ్మ గీసి పంపడం పిల్లలకూ అన్యాయమే, ఆ మనుషులకూ అన్యాయమే. ఒక్కో మాటా తీసుకుని చూద్దాం.

"పేర్లు స్పెయిన్‌వి." నిజమే, కానీ అది రిజిస్టరు పని. 1849 నవంబరు 21న గవర్నర్ జనరల్ నార్సిసో క్లావెరియా, పన్నుల లెక్కలూ జనాభా లెక్కలూ కుదరడం లేదని, ఇంటిపేర్ల జాబితా పంచి అందులోంచి తీసుకోమని ఉత్తర్వు ఇచ్చాడు. కొన్ని ఊళ్లకు ఒకే అక్షరం పేజీలు వెళ్లాయి. అల్బాయ్ రాష్ట్రంలోని ఓవాస్ పట్టణంలో 'ఆర్'తో మొదలయ్యే ఇంటిపేర్లు గుంపుగా కనిపించేది అందుకే. జాబితాలోంచి పడ్డ పేరు చూసి రక్తాన్నీ సంస్కారాన్నీ తేల్చేయడం కుదరదు.

"మతం స్పెయిన్‌ది, కాబట్టి విలువలూ స్పెయిన్‌వే." 2020 జనాభా లెక్కల ప్రకారం నూటికి 78.8 మంది రోమన్ కేథలిక్కులు, 6.4 మంది ముస్లింలు. దక్షిణాన మిందనావో దీవిలోని ముస్లిం రాజ్యాలనూ, ఉత్తరాన కొర్దియేరా కొండజాతులనూ స్పెయిన్ పూర్తిగా లొంగదీసుకోలేకపోయింది. లొంగిన చోట కూడా ఫాదర్లు స్పానిష్ నేర్పి ప్రచారం చేయలేదు, వాళ్లే స్థానిక భాషలు నేర్చుకున్నారు. 1593లో మనీలాలో అచ్చయిన క్రైస్తవ బోధ పుస్తకంలో స్పానిష్ పక్కన మనీలా ప్రాంతపు భాష తగలోగ్ ఉంది, అదీ రోమన్ లిపితో పాటు దేశీయమైన బాయ్‌బాయిన్ లిపిలో కూడా.

దాని ఫలితం ఏమిటో భాషే చెబుతుంది. తగలోగ్‌లో బల్ల 'మేసా', కుర్చీ 'సిల్యా', చెంచా 'కుచారా', దేవుడు 'జోస్'. అన్నీ స్పెయిన్ నుంచి వచ్చినవే. కానీ మనిషికీ మనిషికీ మధ్య నడిచే వ్యవహారానికి వాడే మాటలు చూడండి: కాప్వా (తోటి మనిషి), లోఓబ్ (లోపల, మనసు), హియా (సిగ్గు, అభిమానం). ఇవి స్పెయిన్‌వి కావు. పైగా తగలోగ్‌కే పరిమితం కూడా కాదు. దవావో, సెబు ప్రాంతాల సెబువానోలో హియాకు 'ఉలావ్' అంటారు, ఉత్తరాన ఇలోకానోలో 'బాయిన్' అంటారు. విలువను పాలకుడు తెచ్చి పెట్టి ఉంటే దాని పేరూ పాలకుడి భాషలోనే ఉండేది, మూడు భాషల్లో మూడు దేశీ మాటలు ఉండవు. అరువు గురించే మాట్లాడాలంటే ఇంకా పాత అరువు ఒకటుంది: గురో, ముఖా, ఆసా, దుఖా, బుధి, దివాతా. తెలుగువాళ్లకు వీటి అర్థం విప్పి చెప్పనక్కర్లేదు. ఒక్క దుఖా మాత్రం అక్కడ పేదవాణ్ని సూచిస్తుంది.

ఇక అసలు విషయం. "మేలు చేసినవాడికి జీవితాంతం ఊడిగం." దీని పేరు ఉతాంగ్ నా లోఓబ్. మాటకు మాట పెడితే 'లోపలి అప్పు'. ఈ ఒక్కటి సరిగ్గా అర్థమైతే మిగతావి తేలికవుతాయి, అందుకే ఇక్కడ కాస్త ఆగాలి.

వట్టి 'ఉతాంగ్' అంటే డబ్బు అప్పు. దానికి మొత్తం ఉంటుంది, గడువు ఉంటుంది, తీర్చాక పని అయిపోతుంది. ఆ లెక్క ఆ దీవుల్లో ఎంత పాతదో చెప్పే రాగిరేకు 1989లో లగునా రాష్ట్రంలో, లుంబాన్ నది దగ్గర ఇసుక తవ్వేవాళ్లకు దొరికింది. పరిమాణం 20 సెంటీమీటర్లకు 30 సెంటీమీటర్ల లోపే, పది వరుసల రాత. కావి లిపి, పాత మలయ్ భాష, నిండా సంస్కృత పదాలు. మొదలు ఇలా ఉంటుంది: స్వస్తి, శకవర్షాతీత 822, వైశాఖ మాసం, కృష్ణపక్ష చతుర్థి, సోమవారం. మన శాసనాల్లో చదివే ఎత్తుగడే అది, మన పంచాంగంలోని శకమే అది. క్రీస్తుశకంలో 900వ సంవత్సరం. స్పెయిన్ ఓడ ఆ తీరానికి రావడానికి 621 ఏళ్ల ముందు మాట. రేకు సంగతేమిటంటే, నామ్వరన్ అనే పెద్దమనిషి బాకీ పడ్డ 1 కాటి 8 సువర్ణల (అప్పటి తూకాలు) బంగారం తీరిపోయిందని అతని సంతానానికి ఇచ్చిన 'విశుద్ధపత్రం'. రేపెవరైనా బాకీ ఇంకా ఉందంటే చూపడానికే ఈ పత్రమని కూడా అందులోనే రాసి ఉంది.

ఉతాంగ్ నా లోఓబ్‌కు అలాంటి పత్రం ఉండదు. మనిషి దిక్కుతోచని స్థితిలో ఉన్నప్పుడు, ఆసుపత్రి ఖర్చో చదువో ఉద్యోగమో ఎవరైనా ఆదుకుంటే పుట్టే బంధం అది. దానికి మొత్తం లేదు. కొత్తవాళ్లు పొరపాటు చేసేది ఇక్కడే. సాయం అందిన మర్నాడే అంత డబ్బూ కవరులో పెట్టి ఇచ్చేస్తే, 'నీతో లెక్క తేలింది, ఇక నీకూ నాకూ ఏమీ లేదు' అన్నట్టు అవుతుంది. చేతిబదులు తీసుకున్న డబ్బయితే తిరిగివ్వాల్సిందే, అది ఉతాంగ్. మనసుతో చేసిన సాయానికి మాత్రం బదులు వెంటనే రాదు, అదే రూపంలో రాదు. వాళ్లింట్లో జబ్బు చేసినప్పుడు తోడుండటం, పెళ్లికి పనిచేసి పెట్టడం, ఊరెళ్లి వస్తూ వాళ్ల పిల్లలకేదైనా తేవడం, ఇలా తీరుతూ తీరకుండా నడుస్తుంది. అటు నుంచి ఇటు, ఇటు నుంచి అటు మారుతూ ఉంటుంది కాబట్టి ఎవరు అప్పున్నారో కొన్నాళ్లకు తెలియదు.

ఊడిగమే అయితే మేలు చేసినవాడికి అడిగే హక్కు ఉండాలి. కానీ తగలోగ్‌లో 'సుంబాట్' అనే మాట ఉంది. నేను నీకింత చేశానని ఎత్తి చూపడం, దెప్పడం. అది చేసినవాణ్ని జనం చులకనగా చూస్తారు. మేలు మరిచినవాణ్ని 'వాలాంగ్ ఉతాంగ్ నా లోఓబ్' అని ఎంత గట్టిగా తిడతారో, మేలు చేసి దెప్పేవాణ్నీ అంతే ఏవగించుకుంటారు. రెండువైపులా కట్టడి పెట్టిన భాషను పట్టుకుని బానిస భాష అనడం తగదు.

దీన్ని వాడుకునేవాళ్లు లేరని కాదు. స్థానిక రాజకీయ నాయకుడు అంత్యక్రియల ఖర్చో ఆసుపత్రి బిల్లో కట్టి, చాలాసార్లు ప్రజల సొమ్ముతోనే, దాన్ని తన సొంత మేలుగా మార్చి ఓటు వసూలు చేసుకుంటాడు. ఇళ్లల్లో ఇంకో రూపం: సంపాదించే ఒక్క బిడ్డ మీద తల్లిదండ్రులూ తమ్ముళ్లూ చెల్లెళ్లూ అందరూ వాలిపోవడం. దీని గురించి అక్కడ గట్టి చర్చే నడుస్తోంది. 1987 నాటి కుటుంబ చట్టం తల్లిదండ్రులకూ పిల్లలకూ పోషణ బాధ్యతను పరస్పరం చేసింది, ఇచ్చేవాడి స్తోమతునూ పుచ్చుకునేవాడి అవసరాన్నీ బట్టే మొత్తం ఉండాలంది. విలువను విలువగా చూసే సమాజమే దానికి హద్దు కూడా గీసుకుంటుంది.

"నలుగురిలో సిగ్గు." హియాను సిగ్గు అని అనువదించి ఊరుకోవడం వల్ల వచ్చిన తప్పు ఇది. ముందూ వెనకా చేర్చే ప్రత్యయాన్ని బట్టి ఆ మాట అర్థం తిరిగిపోతుంది. 'మహియాయిన్' అంటే బిడియస్థుడు. 'నాపహియా' అంటే నలుగురిలో పరువు పోయినవాడు. 'మే హియా' అంటే అభిమానమున్న మనిషి, తప్పు పని చేయలేనివాడు. మొదటిది స్వభావం, రెండోది జరిగిన దెబ్బ, మూడోది గుణం. 1892లో ఆంద్రెస్ బొనిఫాసియో తదితరులు స్పెయిన్ మీద తిరుగుబాటుకు స్థాపించిన రహస్య సంఘం కతిపునన్. దాని సభ్యులకు ఎమిలియో హసింతో రాసిన నియమావళిలో ఒక వాక్యముంది: "సా తావోంగ్ మే హియా, సలితాయ్ పనునుంపా." హియా ఉన్న మనిషికి ఇచ్చిన మాటే ప్రమాణం. (సలితా అంటే మాట, మన 'చరిత'కు చుట్టమే.) తుపాకీ పట్టబోయే మనిషికి చెప్పిన మొదటి నీతుల్లో హియా ఉందంటే, అది తల దించుకోవడం నేర్పే విలువ ఎలా అవుతుంది?

దీన్నుంచి పిల్లలు నేర్చుకోవాల్సిన పని ఒకటుంది. హాస్టల్ సిబ్బందినీ క్లాస్‌మేట్‌నీ అందరి ముందూ గట్టిగా కేకలేయకూడదు. తప్పు వాళ్లదే అయినా 'నాపహియా' చేసింది మీరవుతారు, ఆ తర్వాత పని జరగదు. పక్కకు పిలిచి చెప్పాలి. ఇంకా జటిలమైతే ఇద్దరికీ తెలిసిన మూడో మనిషితో చెప్పించాలి.

"అన్నిటికీ దేవుడే చూసుకుంటాడు." బహాలా నా అనే మాట మీద ఈ నింద. అది 'బథాలా' అనే పాత దేవుడి పేరు నుంచి వచ్చిందని చాలామంది చెబుతారు. ఆ మాటను జనం ఎప్పుడు వాడుతున్నారో మనోవిజ్ఞాన శాస్త్రవేత్త అల్ఫ్రెదో లాగ్మాయ్ 1970లలో పరిశీలించి చూపించాడు: చేయగలిగింది చేసి, ఫలితం ఏమవుతుందో తెలియకపోయినా అడుగు ముందుకు వేసేటప్పుడు. చదవకుండా పరీక్షకు వెళ్లి బహాలా నా అనేవాళ్లు ఉంటారు. అలాంటివాళ్లు లేని దేశం ఏది?

"మొహం మీద నవ్వుతారు, లోపల చెప్పరు." ఈ మాటకు మూలం ఎక్కడుందో చెప్పుకోవాలి. 1960లలో మనీలాలో పనిచేసిన అమెరికన్ మానవశాస్త్రవేత్త ఫ్రాంక్ లించ్, ఫిలిప్పీనోల ప్రవర్తనలో 'పకికిసామా'ను, అంటే గొడవ పడకుండా సర్దుకుపోవడాన్ని, పెద్ద పీట మీద కూర్చోబెట్టాడు. పాఠ్యపుస్తకాలు దాన్నే పట్టుకున్నాయి. 1970లలో ఫిలిప్పీనో మనోవిజ్ఞాన శాస్త్రవేత్త వర్జీలియో ఎన్రీకెజ్, ఆయన సహచరులు ఆ లెక్క సరిదిద్దారు. మనుషులతో మెలగడానికి తగలోగ్‌లో ఎనిమిది మెట్లున్నాయని, మొదటి అయిదూ పరాయివాళ్లతో, చివరి మూడూ మనవాళ్లతో అని చూపారు. పకికిసామా అయిదో మెట్టు, పరాయివాళ్ల మెట్లలో ఆఖరిది. ఆ పైన మనసు విప్పి మాట్లాడుకోవడం, కష్టసుఖాల్లో దిగడం, చివరికి 'పకికియీసా', ఒకటైపోవడం ఉన్నాయి. బయటివాడు గడపలో నిలబడి చూసి, ఇంట్లో ఉన్నది గడపే అన్నట్టయింది.

"అందుకే బాగుపడలేదు." ఈ ఒక్క మాటకు పెద్దగా జవాబు అక్కర్లేదు. 1987 రాజ్యాంగం రెండో అధికరణం, 26వ సెక్షన్ రాజకీయ వంశపాలనను చట్టం నిర్వచించిన మేరకు నిషేధిస్తానంది. నిర్వచించాల్సింది కాంగ్రెసు, అంటే వాళ్ల పార్లమెంటు. దాని నిండా ఆ వంశాలే. దశాబ్దాలు గడిచినా దేశమంతటికీ వర్తించే చట్టం రాలేదు. పేదరికానికి కారణం వెతకాలంటే వీధిలో మామూలు మనిషి మర్యాద దగ్గర కాదు, అక్కడ మొదలుపెట్టాలి. ఆ మామూలు మనుషులే 2021 ఏప్రిల్‌లో, కోవిడ్ ఆంక్షల మధ్య, కేసోన్ సిటీ మగిన్హావా వీధిలో ఒక వెదురు బండి మీద కూరగాయలూ బియ్యమూ పెట్టి, ఇవ్వగలిగినంత ఇవ్వండి, అవసరమైనంత తీసుకోండి అని అట్టముక్క మీద రాశారు. కొద్ది రోజుల్లో అలాంటి బండ్లు దేశమంతటా వెలిశాయి.

దవావో వెళ్లేవాళ్లకు ఇంకొక్క సంగతి. ఇంటర్నెట్‌లో తగలోగ్ నేర్చుకుని వెళ్లి, ఇక్కడివాళ్లు 'పో' అనడం లేదేమిటి, మర్యాద లేదా అనుకోకండి. 'పో' తగలోగ్ గౌరవవాచకం, మన 'అండి' లాంటిది. దవావోలో ఎక్కువగా మాట్లాడే సెబువానోలో అది లేదు. అక్కడ గౌరవం స్వరంలోనూ వరసలోనూ ఉంటుంది. పెద్దవాళ్ల చేతిని నుదుటికి ఆనించుకునే 'మానో'ను అక్కడ 'అమీన్' అంటారు. పెద్దాయన కుడిచెయ్యి వెనక భాగం పైకి ఉండేలా చాపుతారు. కొంచెం వంగి, మీ చేత్తో ఆ చేతిని పట్టి, దాని వెనక భాగం మీ నుదుటికి తాకించాలి. ముద్దు పెట్టకూడదు, ఊపకూడదు. 'మానో' స్పానిష్ మాటే కానీ, స్పెయిన్ పాలించని మలేసియా, ఇండోనేసియా ఇళ్లల్లోనూ పిల్లలు పెద్దల చేతిని ఇలాగే నుదుటికో ముఖానికో ఆనించుకుంటారు.