ఇరవై కిలోల గీత

బ్రౌన్ టేపు గట్టిగా చుట్టిన గంజాయి ప్యాకెట్లు. రోడ్డు పక్కన సంచి విప్పి, సాక్షులుగా పిలిచిన మధ్యవర్తుల ముందు ఎలక్ట్రానిక్ కాటా పెట్టి పోలీసులు ఒక్కొక్కటే తూస్తారు. లెక్క 19 కిలోల దగ్గర ఆగితే పదేళ్ల లోపు ఎంత శిక్షయినా వేసే వీలు జడ్జికి ఉంటుంది, బెయిలూ మామూలు కేసుల్లో లాగే అడుక్కోవచ్చు. 20 దాటిందా, తక్కువలో తక్కువ పదేళ్లు, ఎక్కువలో ఇరవై, లక్షకు తగ్గని జరిమానా, బెయిలు దాదాపు లేనట్టే. ఒక్క ప్యాకెట్ తేడాతో ఒక కుర్రాడి యవ్వనమంతా పోతుంది. ఆ సంచి ఎవరిది, డబ్బు పెట్టిందెవరు, ఎవరికి చేరాలి అన్నవి ఆ కాటా మీద కనపడవు.

మన్యంలోని చింతపల్లి, పెదబయలు, ముంచంగిపుట్టు వైపు నుంచి మాకు వచ్చే వార్తల్లో పట్టుబడ్డవాళ్లంటే చాలాసార్లు కూలి డబ్బుల కోసం సంచి మోసిన గిరిజన యువకులే. పెట్టుబడి పెట్టినవాడు ఎక్కడో వేరే రాష్ట్రంలో ఫోన్ ఆఫ్ చేసుకుని కూర్చుంటాడు. గంజాయి మంచిదని మేము అనడం లేదు. కాలేజీ పిల్లలు దానికి అలవాటుపడి చదువు మానేసి, ఇంట్లో వస్తువులు అమ్మేసి, తల్లి మీద చెయ్యెత్తే దాకా వెళ్లిన కథలు మన చుట్టూ ఉన్నాయి. మా గొడవంతా చట్టంతోనే. నార్కోటిక్ డ్రగ్స్ అండ్ సైకోట్రోపిక్ సబ్‌స్టెన్సెస్ చట్టం, అందరూ ఎన్‌డీపీఎస్ అనేది, ఇరవై ఏళ్లకు పైగా బరువు చూసే శిక్ష వేస్తోంది.

ఈ చట్టం ఎలా పుట్టిందో ఒకసారి చూడాలి. బ్రిటిష్‌వాళ్లకు నల్లమందు ఒక ఆదాయం. గాజీపూర్‌లో 1820 నాటికే ఫ్యాక్టరీ పెట్టారు, 1857లో, 1878లో చట్టాలు చేశారు, అవన్నీ ఖజానా నింపుకోవడానికి చేసినవే గానీ జనాన్ని కాపాడటానికి కాదు. గంజాయి మీద మాత్రం 1893-94లో ఒక కమిషన్ వేశారు. అది ఊళ్లు తిరిగి, 1,193 మంది సాక్షులను విచారించి, మితంగా వాడేవాళ్లకు పెద్దగా హాని లేదని, నిషేధం కన్నా పన్నులూ లైసెన్సులే మేలని తేల్చింది. వాళ్ల తీర్మానంతో మనం ఏకీభవించకపోవచ్చు. కానీ చట్టం చేసేముందు అంత ఓపికగా జనాన్ని అడిగిన సందర్భం ఈ విషయంలో మళ్లీ రాలేదన్నది మాత్రం నిజం.

తర్వాత 1930లో డేంజరస్ డ్రగ్స్ చట్టం వచ్చింది. ఆపైన 1961లో అంతర్జాతీయ ఒప్పందం. 1964లో అందులో చేరిన మన దేశం, సంప్రదాయంగా ఉన్న గంజాయి వాడకాన్ని మాన్పించడానికి 25 ఏళ్ల గడువు తీసుకుంది. ఆకులనూ గింజలనూ గంజాయి నిర్వచనం నుంచి తప్పించారు కాబట్టే ఉత్తరాదిన ఆకుతో చేసే భంగు దుకాణాలు ఇప్పటికీ నడుస్తున్నాయి. మన వంటింటి గసగసాలూ అంతే. నల్లమందు కారే మొక్క కాయలోవే అవి, చట్టం గింజను వదిలేసింది కాబట్టి మసాలా డబ్బాలో నిశ్చింతగా ఉన్నాయి.

గడువు దగ్గరపడుతుండగా 1985లో రాజీవ్ గాంధీ ప్రభుత్వం హడావిడి పడింది. ఆగస్టు 23న బిల్లు లోక్‌సభకు వచ్చింది, సెప్టెంబర్ 16 కల్లా రాష్ట్రపతి సంతకం అయిపోయింది, నవంబర్ 14 నుంచి అమలు. నెల తిరక్కుండా ఇంత బరువైన చట్టం! పాత చట్టంలో గరిష్ఠ శిక్ష మూడేళ్లు, రెండోసారి దొరికితే నాలుగేళ్లు. కొత్త దాంట్లో హెరాయిన్‌కు కనీసమే పదేళ్లు. నా సొంత వాడకానికే అని నిరూపించుకునే బాధ్యత కూడా నిందితుడి మీదే పెట్టారు. అది చాలలేదని 1989లో ఇంకా బిగించారు. కొన్ని నేరాలకు రెండోసారి దొరికితే ఉరిశిక్ష తప్పనిసరి చేశారు. 37వ సెక్షన్‌తో, నిందితుడు నేరం చేయలేదని నమ్మడానికి కారణాలున్నాయని జడ్జికి అనిపిస్తేనే, అదీ బయటికొచ్చి మళ్లీ నేరం చేయడని తోస్తేనే బెయిలు అన్నారు. విచారణే మొదలవకముందు అలా ఎలా తేలుస్తారు?

ఆ కాలంలో జరిగిన మరో అన్యాయం గురించి పెద్దగా ఎవరూ మాట్లాడరు. మార్ఫిన్, నల్లమందు నుంచి తీసే నొప్పి మందు. నల్లమందు పంటను లైసెన్సు మీద వేయించి ఎగుమతి చేసే దేశం మనది, మధ్యప్రదేశ్, రాజస్థాన్, ఉత్తరప్రదేశ్ రైతులు దాన్ని పండించి ప్రభుత్వానికే అమ్ముతారు. అలాంటి దేశంలో, క్యాన్సర్ ముదిరి రాత్రంతా మూలిగే మనిషికి మార్ఫిన్ బిళ్ల దొరకలేదు. ఒక్క మందుకు నాలుగైదు లైసెన్సులు, ఒకటి చేతికొచ్చేసరికి ఇంకోటి గడువు తీరిపోవడం, లెక్కలో పొరపాటొస్తే జైలు భయం. ఫార్మసీలు ఆ మందు తెప్పించడమే మానేశాయి. 1997 నాటికి దేశం మొత్తం మార్ఫిన్ వాడకం 18 కిలోలకు పడిపోయింది. కేరళలో డాక్టర్ ఎం.ఆర్. రాజగోపాల్ లాంటివాళ్లు ఏళ్ల తరబడి ఢిల్లీ చుట్టూ తిరిగి పోరాడితే 2014లో గానీ సవరణ రాలేదు. ఇప్పుడు గుర్తింపు ఉన్న ఆస్పత్రికి ఒకే అనుమతి చాలు. అయినా జిల్లా కేంద్రం దాటి లోపలికి వెళితే ఆ బిళ్ల ఇంకా అపురూపమే. ఇంట్లో క్యాన్సర్ రోగి ఉన్నవాళ్లను అడగండి, చెబుతారు.

మార్పులు అసలు రాలేదని కాదు. 2001లో కొద్ది పరిమాణం, వాణిజ్య పరిమాణం, ఆ రెండింటి మధ్యది అని విడగొట్టారు. గంజాయికి కిలో, 20 కిలోలు అన్న గీతలు అప్పుడు గీసినవే. అలవాటు పడ్డవాడికి కాస్త ఊరట, పెద్ద వ్యాపారికి గట్టి శిక్ష అన్నది ఉద్దేశం, మంచి ఉద్దేశమే. తప్పనిసరి ఉరి రాజ్యాంగానికి విరుద్ధమని 2011లో బొంబాయి హైకోర్టు తేల్చాక, 2014లో దాన్ని జడ్జి విచక్షణకు వదిలారు. అధికారుల ముందు ఇచ్చిన వాంగ్మూలాన్ని నేరాంగీకారంగా వాడి శిక్ష వేయడం కుదరదని 2020 అక్టోబర్‌లో తూఫాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పటికి చట్టం వచ్చి ముప్పై ఐదేళ్లు. ఆలోగా అలాంటి కాగితాల మీద సంతకం పెట్టి జైలుకెళ్లినవాళ్లకు ఆ ఏళ్లు ఎవరు తిరిగిస్తారు?

2001 నాటి గీతే ఇప్పుడు మెడకు చుట్టుకుంది. సంచి మోసినవాడూ, వంద సంచులు మోయించినవాడూ 20 కిలోలు దాటితే ఒకే గాటన కట్టబడుతున్నారు. ఆకులు, కాడలు, గింజలు అన్నీ కలిపి తూచారన్న వాదన కోర్టుల్లో మళ్లీ మళ్లీ వస్తోంది, ఎందుకంటే చట్టం ప్రకారం గంజాయి అంటే మొక్కకు పూత, కాయ ఉన్న కొసలు. తడి సరుకు ఆరితే బరువు తగ్గుతుందని పల్లెటూరి రైతుకు ఎవరూ చెప్పక్కర్లేదు. ఇంత తేడా ఉన్న చోట ఒక్క అంకె మీద పదేళ్ల జీవితం వేలాడదీయడం తప్పని మేము గట్టిగా నమ్ముతున్నాం.

మేము అడిగేవి పెద్ద కోరికలేం కాదు. శిక్ష వేసేముందు బరువుతో పాటు నిందితుడి పాత్ర ఏమిటో చూడాలని చట్టంలో రాయాలి. మోసినవాడికి కనీస శిక్ష తగ్గించే అధికారం జడ్జికి ఇవ్వాలి. ఛార్జిషీటుకు 180 రోజుల గడువు, కావాలంటే ఏడాది దాకా పొడిగింపు ఇచ్చినా ల్యాబ్ రిపోర్టు కోసం ఎదురుచూడాల్సి వస్తోందంటే ల్యాబులు పెంచాల్సిందే. వాడకానికి అలవాటుపడి కొద్ది పరిమాణంతో దొరికినవాడు తనంతట తాను చికిత్సకు వస్తే విచారణ నుంచి మినహాయింపు ఇచ్చే 64ఎ సెక్షన్ చట్టంలో ఎప్పటినుంచో ఉంది. స్టేషన్ గుమ్మం దగ్గర నిలబడ్డ తల్లిదండ్రులకు ఆ మాట చెప్పడం పోలీసుల విధిగా మార్చాలి.

ఇక మన్యం సంగతి. 2021లో ఆపరేషన్ పరివర్తన పేరుతో పోలీసులు వేల ఎకరాల తోటలు నరికారు, ఇప్పుడు మత్తుమందుల కట్టడికి రాష్ట్రం పెట్టిన ఈగల్ దళం తిరుగుతోంది. నరకాల్సిందే, కాదనం. కానీ కాఫీ మొక్క కాపుకు రావాలంటే మూడు నాలుగేళ్లు పడుతుంది, నీడ చెట్లకు పాకించిన మిరియం తీగకూ అంతే. అప్పటిదాకా ఆ కుటుంబం ఏం తింటుందో ఆలోచించకుండా గంజాయి పీకేస్తే, వానలు పడ్డాక అదే కొండకు అవతలి వాలులో ఇంకో తోట లేస్తుంది. మొక్క నాటిన రోజు నుంచి మొదటి కాపు అమ్ముకునే దాకా ఆ కుటుంబానికి నెలనెలా భృతి ఇవ్వాలి. దాన్ని వచ్చే ఖరీఫ్ లోపే ప్రకటించాలి.